కార్డు నంబరు ఎనభై మూడు

1వ తేదీ, సోమవారం. ఉదయం 6.10

నిర్ణయం జరిగిపోయింది! ఈ రోజు నుంచి ఇరవై ఒక్క రోజులు ఎవరి మాటా దిద్దను. ఎవరు ఎలా మాట్లాడినా సరే, నోరు మూసుకుని వింటాను.

కారణం: శనివారం క్లాసు. భాషాశాస్త్ర చరిత్ర మీద ఇరవై రెండేళ్లుగా చెప్తున్న పాఠమే. "పూర్వపు పండితులు భాషకి ఆజ్ఞలు వేశారు. తర్వాతి వాళ్లు చెవులు రిక్కించి విన్నారు. శాస్త్రం అక్కడ మొదలైంది!" అని బల్ల గుద్ది మరీ చెప్పాను. వెనక బెంచీలోంచి ఒకమ్మాయి లేచింది. ఆ పిల్ల ఒక్క ప్రశ్న పూర్తిచేసేలోపు మూడు చోట్ల దిద్దాను. "మరి మీరెప్పుడు వింటారు సార్?" అని కూర్చుంది. క్లాసంతా నవ్వింది. హాజరు పట్టీ తెచ్చిన ప్యూను కూడా నవ్వాడు.

అసలు కారణం (డైరీ దగ్గర దాపరికం దేనికి?): మా అమ్మాయి. ఇరవై మూడేళ్లు. పక్షవాతం వచ్చి మాట పడిపోయిన వాళ్లకి మళ్లీ మాట నేర్పే పనిలో శిక్షణ పొందుతోంది. ఆస్పత్రిలో రోజంతా మాట్లాడుతుంది. వంటింట్లో వాళ్లమ్మతో గంటలు గంటలు మాట్లాడుతుంది. నేను గుమ్మంలోకి రాగానే టీవీ కట్టేసినట్టు ఆగిపోతుంది. నిన్న నాతో అన్నవి లెక్కపెట్టాను: "ఊఁ." "సరే." "చూద్దాం." "తలుపేసుకో." అది నాతో మళ్లీ మాట్లాడాలి. నాక్కావలసింది అంతే.

నియమాలు:
1. దిద్దరాదు.
2. విన్న మాటని కార్డు మీద రాయాలి. మాట, వక్త, సందర్భం, స్వరం. నాలుగు గళ్లు.
3. జవాబివ్వరాదు. పరిశోధకుడు నోరు విప్పితే నమూనా పాడవుతుంది!

కార్డులు: 500. చెప్పుల డబ్బా: 1. ఉత్సాహం: ఆ డబ్బాలో పట్టదు.

సాయంత్రం 5.30

ఆవిడకి చెప్పాను. మా ఆవిడకి కళ్లద్దాల దుకాణం ఉంది. ఎదుటివాళ్లలో లోపం ఎంతుందో కూర్చోబెట్టి నంబరుతో సహా చెప్తుంది. "ఇరవై ఒక్క రోజులా? ముందు ఇరవై ఒక్క నిమిషాలు చూద్దాం" అంది.

కార్డు నం. 1. స్వరం: వెటకారం.

3వ తేదీ, బుధవారం. మధ్యాహ్నం 1.15

మొత్తం కార్డులు: 22! బస్సు కండక్టరు, పాలవాడు, లైబ్రరీలో ఫోను మాట్లాడే పెద్దమనిషి, అందరూ డబ్బాలో ఉన్నారు. ఒక్కర్నీ దిద్దలేదు. నాలుక రెండుసార్లు కొరుక్కున్నాను, అంతే. పెద్ద పెద్ద నిఘంటువులు ఇలాంటి చీటీల్లోంచే పుట్టాయి. నా డబ్బాలోంచి ఏం పుడుతుందో!

5వ తేదీ, శుక్రవారం. ఉదయం 7.50

అద్భుతం! మా అమ్మాయి మాట్లాడింది!

టీ తాగుతూ దానంతట అదే మొదలుపెట్టింది. వార్డులో ఒక దర్జీ ఉన్నాడట. ఎనిమిది నెలలుగా మాట లేదట. కత్తెర చూపిస్తే కళ్లు మెరుస్తాయట, పేరు మాత్రం నోటికి రాదట. పదకొండు వాక్యాలు! ఒక్కచోటా నేను అడ్డు తగల్లేదు. పదకొండు కార్డులు రాశాను. మధ్యలో ఒకసారి ఆగి నా మొహంలోకి చూసింది. ఏదో అడిగినట్టుంది. స్వరం పైకి లేచింది కాబట్టి ప్రశ్నే అయ్యుండాలి. ఆ సంగతీ రాసుకున్నాను.

8వ తేదీ, సోమవారం. మధ్యాహ్నం 12.05

ఇవాళ క్లాసులో రాజుగారి కథ. పూర్వం ఒక రాజు, లోకంలో అన్నిటికంటే పాత భాష ఏదో తేల్చాలని, ఇద్దరు పసిబిడ్డల్ని మనుషుల మాటే చెవిన పడకుండా పెంచమన్నాడట. చివరికి ఆ పిల్లలు ఒక మాటన్నారట. ఫలానా దేశంలో దాని అర్థం రొట్టె అట. దాంతో ఆ దేశం భాషే అతి పాతది అని తీర్పిచ్చేశాడట.

ఈ కథ మా అమ్మాయికి ఏడేళ్లప్పుడు చెప్పాను. అంతా విని, "ఇంతకీ వాళ్లకి రొట్టె పెట్టారా?" అంది. "అది ముఖ్యం కాదమ్మా" అన్నాను. చిన్నపిల్ల, శాస్త్రం ఏం తెలుస్తుంది!

9వ తేదీ, మంగళవారం. సాయంత్రం 4.20

చిన్న సవరణ. నియమం 1ని అలాగే ఉంచి, కార్డు వెనక వైపు ఎర్ర సిరాతో సరైన మాట రాసుకుంటున్నాను. ఇది దిద్దడం కిందికి రాదు. వక్తకి తెలియదు కదా! పైగా ఒంటికి మంచిది. నిన్నటి నుంచి దవడ నొప్పి తగ్గింది.

ఎర్ర సిరా పడ్డ కార్డులు: 61లో 58.

11వ తేదీ, గురువారం. ఉదయం 7.40

అబ్బబ్బ! ఇవాళ దొరికింది రత్నం!

నేను పేపరు చదువుతుంటే మా అమ్మాయి కుర్చీ లాక్కుని ఎదురుగా కూర్చుంది. రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుంది. "నాన్నా, వచ్చే శుక్రవారం పదకొండింటికి నువ్వు మా వార్డుకి రావాలి. నా పని నువ్వొక్కసారి చూడాలి." 'నువ్వొక్కసారి' దగ్గర గొంతు సన్నగా వణికింది. ఆ వణుకు పట్టుకోడానికి ఎంతమంది పరిశోధకులు అడవులు పట్టుకు తిరిగారో! నాకు భోజనాల బల్ల దగ్గరే దొరికింది.

కార్డు నం. 83. స్వరం గడిలో ఐదు పంక్తులు నింపాను. నియమం 3 ప్రకారం నవ్వి, తల మాత్రం ఊపాను. దాని మొహం వెలిగిపోయింది. నా నిర్ణయం ఫలిస్తోంది!

13వ తేదీ, శనివారం. సాయంత్రం 6.00

దుకాణంలో చిన్న ఘటన. అక్షరాల బోర్డు ముందు ఒకాయన కూర్చున్నాడు. మూడో వరస తప్పు చదివాడు. నేను పక్కనుంచి దిద్దాను. నాలుగో వరస కూడా దిద్దాను. ఐదో వరస నేనే చదివేశాను. ఆయనకి చూపు బ్రహ్మాండంగా ఉందని తేలింది.

"ఆయనకి కళ్లు కనపడవని తెలుసుకోడానికే కదండీ ఆ బోర్డు!" అని మా ఆవిడ నన్ను బయటికి గెంటింది.

ఇది లెక్కలోకి రాదు. ఆయన మాట్లాడలేదు, చదివాడు. చదువుకి నియమం పెట్టలేదు.

16వ తేదీ, మంగళవారం. ఉదయం 11.30

మా హెడ్డు పిలిచాడు. డబ్బా సంగతి ఆయన దాకా వెళ్లింది! "శుక్రవారం పదిన్నరకి సెమినార్‌లో ఒక గంట మాట్లాడతారా?" అన్నాడు. ఆయన నోరు మూసేలోపు "తప్పకుండా సార్" అన్నాను. (హెడ్డుకి నియమం 3 వర్తించదు. ఆయన నమూనా కాదు.)

శీర్షిక: "వినడం నేర్చిన శాస్త్రం". పలుచటి తెల్లచొక్కా ఇస్త్రీకి ఇవ్వాలి.

18వ తేదీ, గురువారం. ఉదయం 7.45

మా అమ్మాయి చెప్పులు వేసుకుంటూ, "రేపు గుర్తుందిగా నాన్నా?" అంది. నా సెమినార్ సంగతి దానికెలా తెలిసిందో! ఎంత ప్రేమ! తల ఊపాను. కార్డు నం. 131.

19వ తేదీ, శుక్రవారం. మధ్యాహ్నం 3.00

ఉన్నది ఉన్నట్టు రాస్తాను.

10.30: హాల్లో ముప్ఫై మంది. ముందు వరసలో హెడ్డు. నేను పండితుల దగ్గర మొదలుపెట్టి, రాజుగారి పిల్లల మీదుగా, నా చెప్పుల డబ్బా దాకా చరిత్ర మొత్తం నడిపించుకొచ్చాను.

11.20: "నా సేకరణకే మకుటం!" అని 83వ కార్డు పైకెత్తాను. గొంతు సవరించుకుని చదివాను. "నాన్నా, వచ్చే శుక్రవారం పదకొండింటికి నువ్వు మా వార్డుకి రావాలి. నా పని నువ్వొక్కసారి చూడాలి." ఆ వణుకు ఎక్కడ మొదలై ఎక్కడ ఆగిందో చేత్తో గాల్లో గీసి చూపించాను.

వెనక వరసలో ఒక చెయ్యి లేచింది. 'మీరెప్పుడు వింటారు' అన్న ఆ పిల్లే.

"సార్, ఆ కార్డు మీద తేదీ ఎంత?"

"పదకొండు."

"అయితే వచ్చే శుక్రవారం అంటే ఇవాళేగా సార్?"

ఎవరూ నవ్వలేదు. నవ్వినా బాగుండేది.

11.24: పరిగెత్తాను. రెండు వీధులు, ఒక వంతెన, ఆస్పత్రి మెట్లు మూడంతస్తులు. చేతిలో కార్డు అలాగే ఉంది.

11.50: వార్డులో కుర్చీలు మడిచి గోడకి చేరుస్తున్నారు. మా అమ్మాయి శిక్షణకి మార్కులు వెయ్యడానికొచ్చిన పరీక్షకురాలు వెళ్లిపోయింది. రోగుల చుట్టాలు వెళ్లిపోయారు. ముందు వరసలో ఒక కుర్చీ మాత్రం ఇంకా మడవలేదు. అది నాదని అడక్కుండానే తెలిసింది.

కిటికీ దగ్గర చక్రాల కుర్చీలో దర్జీ. పక్కన మా అమ్మాయి. ఇవాళ ఆయన అందరి ముందూ నాలుగు మాటలన్నాడట. కత్తెర. దారం. సూది. నాలుగోది వాళ్లావిడ పేరు. ఎనిమిది నెలల తర్వాత! ఊళ్లో వాళ్లందరి మాటలూ కార్డుల మీద ఉన్నాయి. ఆ నాలుగూ నేను వినలేదు.

మా అమ్మాయి నన్ను చూసి, మడవని ఆ కుర్చీ వైపు చూసింది. దర్జీ మాత్రం నన్ను కిందనుంచి పైదాకా చూశాడు. చెయ్యి ఎత్తి నా పొట్టకేసి చూపించాడు. మెడ నరాలు బిగిశాయి. పెదాలు రెండుసార్లు ఊరికే ఆడాయి. మూడోసారికి వచ్చింది.

"గుం...డీ."

ఐదో మాట! ఇవాళే పుట్టిన మాట! నా చెయ్యి జేబులోకి పోయింది. కొత్త కార్డు తీశాను. సందర్భం గడి దగ్గర ఉండగా మా అమ్మాయి గొంతు వినపడింది.

"నాన్నా, ఆయన గుండీ పెట్టుకోమంటున్నాడు."

చూసుకున్నాను. పొద్దున హడావుడిలో ఒక గుండీ తప్పించి కింది కాజాలో పెట్టాను. చొక్కా మొత్తం ఒక పక్కకి వేలాడుతోంది. సెమినార్‌లో ముప్ఫై మంది చూసుంటారు. ఒక్కరూ చెప్పలేదు. నాకు చెప్పాలని ఎవరికీ అనిపించదని అప్పుడే తెలిసింది. మాట పడిపోయిన మనిషి మెడ నరాలు బిగించి మరీ చెప్పాడు. నేను రాసుకున్నాను.

నా చేతిలోంచి రెండు కార్డులూ లాక్కుని అదే వచ్చి గుండీలు సరిచేసింది. చిన్నప్పుడు నేను దానికి యూనిఫాం గుండీలు పెట్టినంత ఓపిగ్గా. అది తిట్టినా ఇంత సిగ్గేసేది కాదు.

20వ తేదీ, శనివారం. ఉదయం 8.10

బల్ల మీద, టీ కప్పు కింద, 83వ కార్డు. వెనక వైపు నా ఎర్ర సిరా ఉంది. (అవును. దాన్ని కూడా దిద్దాను.) దాని కింద నీలం సిరాతో మా అమ్మాయి చేతిరాత:

"మాట: ఉంది. వక్త: ఉంది. సందర్భం: ఉంది. స్వరం: ఐదు పంక్తులు ఉన్నాయి. జవాబుకి గడి లేదు. రొట్టె పెట్టలేదు."

పదహారేళ్ల కిందటి ప్రశ్న. దానికి గుర్తుంది. దిద్దడానికి అందులో ఒక్క తప్పూ లేదు, వెతికాను.

21వ తేదీ, ఆదివారం. సాయంత్రం 5.00

ఇరవై ఒక్క రోజులు పూర్తి. ఫలితాలు: కార్డులు 138. దిద్దినవి 135. విన్నవి: రాయను.

డబ్బా పారేయబోతే మా ఆవిడ ఆపింది. "ఖాళీ కార్డులు దుకాణానికి ఇవ్వండి, కళ్లద్దాల నంబర్లు రాసుకుంటాం. వాటికైనా ఉపయోగం ఉంటుంది." ఇచ్చేశాను. 83 మాత్రం ఇవ్వలేదు.

"పోనీ నన్ను ఏం చెయ్యమంటావు?" అనడిగాను.

"ఎవరైనా ఏదైనా అడిగితే జవాబు చెప్పండి. మనుషులు అదే చేస్తారు" అంది.

22వ తేదీ, సోమవారం. ఉదయం 6.10

కొత్త నిర్ణయం! ఈసారి ఏడు రోజులే. కార్డులు లేవు. నియమం ఒకటే: అడిగినదానికి జవాబు.

ఉదయం 7.40

మా అమ్మాయి చెప్పులు వేసుకుంటోంది. నా వైపు చూడకుండానే అంది: "వచ్చే శుక్రవారం వార్డులో ఇంకో బ్యాచ్ రోగుల వంతు. పదకొండింటికి."

ప్రశ్నా, కబురా? స్వరం కింద మొదలై... ఆపేశాను.

"వస్తానమ్మా."

చెప్పు పట్టీ పెట్టుకుంటున్న చెయ్యి ఆగింది. "నిజంగానా?"

"వస్తాను. గుండీలు కూడా చూసుకుని వస్తాను."

పెదవి చివర కొంచెం కదిలింది. నవ్వో కాదో తెలీదు. "చూద్దాం" అని వెళ్లిపోయింది.

ఉదయం 7.45

మర్చిపోకూడదని అరచేతిలో రాసుకున్నాను: శుక్రవారం, 11. పక్కన 'స్వరం:' అని కూడా రాసేశాను. అలవాటు! ఉమ్ముతడి పెట్టి వేలితో రుద్దాను. ఇంకా పోలేదు.