ముసలి గూఢచారికి నా వీపు

ఫిబ్రవరి 6, గురువారం

అర్బాబ్, అదే మా ఓనరు, సైట్‌కి వచ్చి మమ్మల్ని వరసగా నిలబెట్టాడు. తిట్టడానికనుకున్నాం. వెనక్కి తిరగమన్నాడు. ఆయన వెంట ఒక ఫ్రెంచ్ ఆవిడ. సినిమా డైరెక్టరట. మా వీపులు చూసుకుంటూ నడిచి నా దగ్గర ఆగింది. ఆ తర్వాత అంజి దగ్గర ఆగింది.

గల్ఫ్‌లో ఇన్నేళ్లుగా నా చేతులు చూశారు, పాస్‌పోర్ట్ చూశారు, రక్తం కూడా చూశారు. వీపు చూసి పనిలో పెట్టుకోవడం ఇదే మొదలు.

రుస్తాఖ్ ఊరి దగ్గర వాదీలో, అంటే కొండల మధ్య వాగులో, షూటింగ్. ముసలి హీరోకి మోకాళ్లు పనిచెయ్యవు. నడిచేచోట, ఎక్కేచోట ఆయనకు బదులు నేను. కుర్ర హీరోకి బదులు అంజి. మొహాలు కనపడవు.

అంజితోనా! నా రూమ్‌లోనే ఉండేవాడు. మా పక్క మండలం. ఎలక్ట్రీషియన్ పని మంచిగా వచ్చు. మొన్న దసరా నుంచి నాతో మాట మానేశాడు. మంచం కూడా వేరే రూమ్‌కి మార్చుకున్నాడు. నేనేమన్నానో నాకైతే గుర్తులేదు. పొగరు అనుకుని నేనూ మానేశాను.

ఫిబ్రవరి 8, శనివారం

కోటు, టై, బూట్లు. అద్దంలో చూసుకుంటే ఎవరో బ్యాంక్ మేనేజర్ లోన్ ఇవ్వనంటున్నట్టు ఉన్నాను.

కంపెనీ తరఫున మాకు మాటలు తెలుగులోకి తిప్పి చెప్పేవాడు షఫీ. కడప మనిషి. కథ కూడా అతనే చెప్పాడు. ఇద్దరు గూఢచారులు. పెద్దాయన రిటైరై ఇంట్లో టమాటాలు పెంచుకుంటుంటే మళ్లీ డ్యూటీకి పిలుస్తారు. కుర్రాడికి కంప్యూటర్ తప్ప ఏదీ రాదు. ఇద్దరికీ పడదు. చివరికి ఒకే బేడీలో ఇరుక్కుంటారు. కామెడీయా అని అడిగాను. వాళ్లు నవ్వుతా ఉండారు కాబట్టి కామెడీనే అన్నాడు షఫీ.

ముసలి హీరో వచ్చి నా వెనకాల చాలాసేపు నిలబడ్డాడు. తన వీపు నిజంగా ఇంత వంగిపోయిందా అని డైరెక్టరమ్మను అడిగాడట.

ఫిబ్రవరి 9, ఆదివారం

రోజంతా ఒంటె దగ్గరికి నడిచాం. ఒంటెకి నచ్చలేదు.

ఫిబ్రవరి 11, మంగళవారం, సాయంత్రం

చెయ్యి నొప్పిగా ఉంది. అయినా రాస్తాను.

పొద్దున నా కుడి చేతికి, అంజి ఎడమ చేతికి కలిపి బేడీలు వేశారు. నిజం బేడీలే. ఉత్తుత్తివి ఒంటె తొక్కేసింది. మేము రాతి అంచున నిలబడి కింద నీళ్లవైపు చూడాలి. అంతే. దూకడానికి రేపు వేరే మనుషులు వస్తారు. కెమెరా మా వెనకాల. కింద గట్టున షఫీ, మా ఇద్దరి ఫోన్లు పట్టుకుని.

యాక్షన్ అన్నారు. చూస్తున్నాం. అప్పుడే కిందనుంచి షఫీ అరిచాడు.

"అంజీ, ఎవురో సంగీతంట, ఫోన్ కొడతా ఉండాది!"

నా బిడ్డ పేరు సంగీత. జగిత్యాలలో ల్యాబ్‌లో పని చేస్తుంది. లోకంలో సంగీతలు చాలామంది ఉంటారు కదా అనుకున్నాను. షఫీ ఊరుకోలేదు.

"లింబాద్రన్నా, దీంట్లో నీ ఫోటో గూడా ఉండాదే! ఆ పిల్ల పక్కన నువ్వే!"

అంజి వైపు తిరిగాను. వాడు నీళ్లవైపే చూస్తున్నాడు, డైరెక్టర్ చెప్పినట్టు.

"ఎప్పటిసంది రా?"

"దసరా సంది, కాకా."

"నాతోని మాట బంద్ జేసింది అందుకేనా?"

"నీ మొకం చూసుకుంట అబద్ధమాడొస్తలేదు కాకా. అందుకే రూమ్ మారిన."

నేను చెయ్యెత్తాను. కొట్టడానికో దేనికో తెలియదు. వాడి చెయ్యి కూడా లేచి వచ్చింది. దించితే దిగింది. కెమెరా ఆగలేదు. వెనక నుంచి డైరెక్టరమ్మ బ్రావో, బ్రావో అంటోంది.

వాడు వెనక్కి జరిగితే నేను ముందుకు గుంజుకుపోయాను. నేను లాగితే వాడు జారాడు. ఇద్దరం నీళ్లలో పడ్డాం.

వాడు నా మెడ పట్టుకుని "నాకు ఈత రాదు కాకా! సంగీతకు చెప్పు కాకా!" అని ఒకటే కేకలు. ఏం చెప్పాలో మాత్రం చెప్పలేదు. నేను లేచి నిలబడ్డాను. నీళ్లు ఛాతీ దాకా ఉన్నాయి. నిలబడు రా అన్నాను. నిలబడ్డాడు. యూనిట్ అంతా చప్పట్లు.

మమ్మల్ని కాపాడడానికి షఫీ కూడా దూకాడు. ఫోన్లు జాగ్రత్తగా రాయి మీద పెట్టి దూకాడు. బేడీల తాళంచెవి మాత్రం తీసి పెట్టడం మరిచాడు. అది జేబులోంచి జారి వాదీలో ఎటు పోయిందో ఎవరికీ దొరకలేదు.

కట్టర్ ఉన్న మనిషి రుస్తాఖ్ నుంచి రావాలి. అందాకా తడి కోట్లతో, ఒకే కుర్చీలో సగం సగం కూర్చున్నాం. భోజనం పెట్టారు. నేను ముద్ద ఎత్తితే అంజి చెయ్యి కూడా నా నోటిదాకా వచ్చేది. చివరికి వాడు తన కుడిచేత్తో ముద్ద కలిపి నా నోటి ముందు పెట్టాడు. ఆకలి. తిన్నాను.

సంగీత మళ్లీ చేసింది. ఈసారి నేనే ఎత్తాను.

హలో అనగానే నా గొంతు గుర్తుపట్టింది. "బాపూ, తిట్టేదుంటే నన్ను తిట్టు, ఆయనని తిట్టకు" అంది. చెప్పమని ఆమే వాడిని తొందర పెడుతోందట. అందుకే రోజూ ఫోనట. పక్కనే ఉన్నాడా అని అడిగింది. ఉన్నాడు, వదిలిపోయే వీల్లేదు అన్నాను.

ఫిబ్రవరి 12, బుధవారం

నా భార్య కమలవ్వకి ఫోన్ చేశాను. ఆమెకి ముందే తెలుసు. మా తమ్ముడికి తెలుసు. పాలు పోసే ఆయనకి కూడా తెలుసట. ఊరంతటికీ తెలిసిన రహస్యం తెలియనిది గూఢచారి ఒక్కడికే.

కులం మాట ఎత్తబోయాను. పిల్లగాడు మంచోడని పోయినేడు నువ్వే చెప్పితివి, అప్పుడు కులం అడిగినవా అంది.

అది కాదు నా బాధ. కమలవ్వకి చెప్పలేదు, ఇక్కడ రాస్తాను. ఫోన్‌లో మాట్లాడే మొగుడు ఎట్లా ఉంటాడో ఆమెకి తెలుసు. సంగీత పుట్టినప్పుడు నేను ఈ దేశంలోనే ఇబ్రాలో ఉన్నాను. నడిచినప్పుడూ ఇక్కడే. నా బిడ్డకి గల్ఫ్ మొగుడు వద్దని నేను మొక్కని దేవుడు లేడు.

ఫిబ్రవరి 13, గురువారం

నేను వండిన అన్నం మాడింది. అందరం అదే తిన్నాం.

ఫిబ్రవరి 21, శుక్రవారం

డ్యూటీ లేదు. బట్టలు ఆరేస్తుంటే అంజి వచ్చి పక్కన నిలబడ్డాడు. ఈసారి బేడీలు లేవు. పారిపోవచ్చు. పారిపోలేదు.

అడగాల్సింది అడిగాను. నా బిడ్డతో ఫోన్‌లో కాపురం చేయిస్తావా అని.

"లే కాకా. ఈ కాంట్రాక్ట్ అయిపోతే పోతున్న. మళ్ల రాను. ఎనకకు వస్తేనే లగ్గమని సంగీత అన్నది. నువ్వు గుర్తొచ్చి అన్నదట."

జగిత్యాలలో మోటార్లు వైండింగ్ చేసే షాపు పెడతాడట. ఎక్కడ పెట్టాలో ఇద్దరూ కలిసి చూసి పెట్టుకున్నారట.

నువ్వు గుర్తొచ్చి అన్నది. నాకు కోపం రావాలి. తడి లుంగీ పిండినదే మళ్లీ పిండాను. ఏటా పోతానంటూనే నేను పోలేదు. వీడు ఇంకా పెళ్లి కూడా కాకముందే పోతానంటున్నాడు.

నీ మాట మీద నమ్మకం లేదు, రాసియ్యి అందామనుకున్నాను. కానీ నోట్లోంచి వచ్చింది వేరే మాట: తీగ మీద ఇంకో పక్క ఖాళీ ఉంది, నీ బట్టలు కూడా తెచ్చి ఆరేసుకో.

ఫిబ్రవరి 23, ఆదివారం

పొద్దున కంపెనీ బస్సు కదులుతుంటే వెనక నుంచి అంజి కేక: "మామా! సద్ది మరిచినవ్!"

బస్సంతా తిరిగి చూసింది. నేను అప్పటికే ఆ పిలుపుకి పలికేశాను.