అలలున్న దారం

బుల్లికి,

కాలికి కట్టుతో నువ్వు రాలేకపోయావు. మీ అక్క చివరి రోజు ఎలా గడిచిందో రాయమన్నావు. రాస్తున్నాను.

పొద్దున అర గ్లాసు పాలు తాగింది. జుట్టు దువ్వమంది. నాకు చిక్కు తీయడం రాదని విసుక్కుంది. మధ్యాహ్నం నిద్రపోయింది. మూడింటికి లేచి మాక్రమే ముడుల అల్లిక తెమ్మంది. జబ్బు పడ్డ ఈ మూడు నెలలూ చేసినట్టే, ఎదురుగా కూర్చుని దారాలు కట్టిన కర్ర పట్టుకున్నాను. "కాస్త పైకెత్తండి" అంది. ఎత్తాను. నాలుగు దాటాక చేతులు ఆగాయి. కునుకు పట్టిందనుకున్నాను. అయిదున్నర దాకా కర్ర దించలేదు. తర్వాత డాక్టరు వచ్చాడు. అంతే.

ఇప్పుడు పని సంగతి. ముందుగది కిటికీకని మొదలుపెట్టింది. కర్ర కింద జానెడు మేర ముడులున్నాయి. ఆ కింద దారాలు ఊరికే వేలాడుతున్నాయి. ఆమె మొదలుపెట్టినది సగంలో ఉండటం నాకు బాగాలేదు. నేను పూర్తి చేస్తాను. ఆరు దారాలు నలిగి పోగులు లేచాయి, అవి మార్చాలి. నీది దారాల కొట్టు కనుక నీకే రాస్తున్నాను. తెలుపు, నాలుగు మిల్లీమీటర్ల మందం, ఒక్కొక్కటి రెండున్నర అడుగులు, ఆరు పంపు.

ఉంటాను,
బావ

తా.క. నలభై కిలోలు మోసే రకం చూడు. ముప్పై ఏళ్ళు వంతెనలు తనిఖీ చేసినవాణ్ణి, తెగే వస్తువు కొనను.

*

బావగారికి బుల్లి నమస్కారాలు.

మీ ఉత్తరం కొట్లో చదివాను. చదివి షట్టరు దించేసి ఇంటికి వెళ్ళిపోయాను. ఊలు ఉండలు బేరమాడుతున్న ఒకావిడ, "ఇంత కోపమైతే ఎలాగమ్మా, నువ్వన్న ధరే ఇస్తాలే" అంది.

ఇక దారం. రెండున్నర అడుగుల అల్లికకి రెండున్నర అడుగుల దారం ఏ మూలకీ రాదు బావగారూ. ముడి దారాన్ని మింగేస్తుంది. నాలుగింతలు ఉండాలి. పదేసి అడుగులు పంపుతున్నాను. నైలాన్ అయితే జారిపోతుంది, ముడి నిలవదు. జనపనార వేళ్ళకి గుచ్చుకుంటుంది. ఒంటిపేట నూలు మెత్తగా ఉంటుంది గానీ కొత్త చేతుల్లో విడిపోతుంది. అందుకని మూడు పేటలు కలిపి పురిపెట్టిన నూలు. అక్క ఎప్పుడూ నా దగ్గర అదే తీసుకునేది.

వేళకి తినండి.
మీ బుల్లి

తా.క. నలభై కిలోలా? దానిమీంచి లారీ తోలతారా?

*

బుల్లికి,

పార్సిలు అందింది. తిప్పి పంపుతున్నాను. ఇది ఆ దారం కాదు. మీ అక్క దారానికి పైనుంచి కింద దాకా అలలున్నాయి. భూతద్దం పెట్టి లెక్కించాను, అంగుళానికి రెండున్నర. నువ్వు పంపింది స్కేలుతో గీసినట్టుంది. అలలున్న రకం పంపు.

ఇంకో ఇబ్బంది. కర్ర పట్టుకునే మనిషి లేడు. ఎదురింటి దర్జీని బతిమాలి తెచ్చాను. పది నిమిషాలకే "చేతులు లాగేస్తున్నాయండీ, ఇదేం శిక్ష!" అన్నాడు. ఆ పది నిమిషాల్లోనే వీధిలో అందరి నడుం కొలతలూ చెప్పాడు. నేను రోజూ రెండేసి గంటలు పట్టుకున్నాను. పని మాత్రం జానెడు దాటలేదు. మీ అక్కది నెమ్మదైన చెయ్యి.

సరైన సరుకు కోసం చూస్తూ,
బావ

తా.క. దర్జీని ఆయన నడుం కొలత అడిగాను. ఆలస్యమైందని వెళ్ళిపోయాడు.

*

బావగారూ,

నమస్కారం కూడా కోపంగానే పెడుతున్నాను.

అలలున్న మాక్రమే నూలు ఇరవై ఏళ్ళలో నేను చూడలేదు. దారం తయారుచేసే ఆయనకి ఫోన్ చేసి అడిగితే, "ఒంట్లో బాగుందా అమ్మా" అన్నాడు. అయినా మీ మాట తీసెయ్యలేక ఉంగరాల ఊలు ఒక రకం పంపుతున్నాను. నచ్చదని ముందే చెబుతున్నాను. మీ దారంలోంచి చిన్న ముక్క పంపండి, నా కళ్ళతో చూస్తాను.

అక్కది నెమ్మదైన చెయ్యా? రెండు రోజుల్లో ఉయ్యాల అల్లి, మూడో రోజు నన్ను అందులో కూర్చోబెట్టి ఊపిన మనిషండీ! మూడు నెలలకి జానెడా? అంగుళాలు లెక్కపెట్టారు గానీ మీరు మనిషిని చూడలేదు.

ముక్క కోసం ఎదురుచూస్తూ,
బుల్లి

తా.క. దర్జీ గారు కర్ర పట్టుకోవడమేమిటి? మూడుసార్లు చదివాను, అర్థం కాలేదు.

*

బుల్లికి,

ముక్క జత చేశాను. నాలుగు అంగుళాలు. కత్తిరించడానికి గంట పట్టింది.

మిగిలిన దారం దుమ్ముగా ఉందని తడిపి ఆరేశాను. అలలు పోయాయి. ఇప్పుడది అచ్చం నువ్వు పంపిన దారంలా ఉంది. తడికే ఆకారం మారేది ఏం సరుకు? కొట్టు పెట్టుకున్నదానివి నువ్వే ఆలోచించు.

కర్ర సంగతి. ఒకరు ఎదురుగా బిగించి పట్టుకోకపోతే ముడి కూర్చోదు. మీ అక్క చెప్పిన పద్ధతే. ఇంత తెలియకుండా ఇరవై ఏళ్ళు ఎలా నడిపావు?

ఉంగరాల ఊలు తిప్పి పంపలేను. దర్జీ పిల్లి దాన్ని సొంతం చేసుకుంది.

బావ

తా.క. మనిషిని చూడలేదన్నావు. కర్ర పట్టుకున్నప్పుడు ఎదురుగా ఉండేది ఆమె ముఖమే.

*

బావగారికి,

ముక్క అరచేతిలో పెట్టుకుని చాలాసేపు కూర్చున్నాను. ఇది నా దారమే.

కొత్త దారం తిన్నగా ఉంటుంది. ముడివేసి, కొన్నాళ్ళు ఉంచి విప్పితే ముడి వంపులు అందులో మిగిలిపోతాయి. మీ అలలు అవే. తడిపితే పోతాయి. పోగులు ఇంతగా లేచాయంటే ఒకసారీ రెండుసార్లూ కాదు, ఎన్నోసార్లు కట్టి విప్పింది. మీరు ఇంట్లో లేనప్పుడో, స్నానానికి వెళ్ళినప్పుడో.

ఇంకోటి. కర్ర పట్టుకోవడానికి మనిషి అక్కర్లేదు. ఎవరైనా గోడకి మేకు కొట్టి తగిలించుకుంటారు. నా పదేళ్ళప్పుడు వంటింటి తలుపు మేకుకి కర్ర తగిలించి నాకు నేర్పింది అక్కే.

ఎందుకలా చేసిందో నేను చెప్పను. ఒక్కటే అడుగుతాను. అంతకుముందు మధ్యాహ్నాలు మీరెక్కడ ఉండేవారు?

కసురుకున్నందుకు మనసులో పెట్టుకోకండి.
బుల్లి

తా.క. పాపం ఆ దర్జీ గారిని వదిలేయండి. ఒక మేకు కొట్టుకోండి.

*

బుల్లికి,

మధ్యాహ్నాలు క్లబ్బులో చదరంగం ఆడేవాణ్ణి. జబ్బు సంగతి తెలిశాక కూడా ఒక వారం వెళ్ళాను. ఎనిమిదో రోజు కర్ర చేతికిచ్చింది. మనిషి పట్టుకోకపోతే పని సాగదంది. క్లబ్బు మానేశాను.

నీ ఉత్తరం చదివి సుత్తి పట్టుకుని గోడ దగ్గరికి వెళ్ళాను. ఆమె కుర్చీ పక్కన, సరైన ఎత్తులో, మేకు ముందే ఉంది. దాని మీద నా వాన కోటు వేలాడుతోంది. నాకు కర్ర ఇచ్చిన రోజుల్లో ఆమే తగిలించింది, అప్పటికింకా లేచి తిరిగేది. ఎండలు మండుతుంటే ఈ కోటు ఇక్కడెందుకన్నాను. "ఉండనివ్వండి, మీకేం అడ్డం?" అంది. నిజమే, నాకు అడ్డం కాలేదు. ముప్పై ఏళ్ళు తనిఖీలు చేశాను, ఆ కోటు ఎత్తి చూడలేదు.

మూడు పేటల నూలు మళ్ళీ పంపు. పదేసి అడుగులు. తొందరేం లేదు.

ఆశీస్సులతో,
బావ

తా.క. కోటు అక్కడే ఉంచాను. రేపు పొద్దున వెళ్ళి దర్జీ గారిని కర్ర పట్టుకోవడానికి పిలుస్తాను. మేకు సంగతి ఆయనకి చెప్పను.