మిగిలిపోయిన చెప్పుల జత

తీర భూముల ఆఫీసు పెద్ద అధికారి గారికి,
వీధి చివరి ఇంటి ముసలావిడ నమస్కరించి రాసుకునేది.

అయ్యా, క్షేమంగా ఉన్నానని రాద్దామంటే మనసొప్పడం లేదు. మా ఇంటికి ఇటొక హోటలు, అటొక హోటలు. రెండిటి గోడలూ ఇసుకలోకి చొచ్చుకొచ్చాయి. మధ్యలో మిగిలింది మా పెరడే. వీధిలో వాళ్లంతా మా పెరట్లోంచే సముద్రానికి పోతారు. గేటు పక్కన చెప్పులు విడిచి మెట్లు దిగుతారు. సాయంత్రం ఆ చెప్పులన్నీ పోయాయని చూసుకున్నాకే నేను తలుపేసుకుంటాను. చెప్పులు పోతే మనుషులు తిరిగొచ్చినట్టే కదా.

నిన్న ఒక జత మిగిలిపోయింది. మగవాళ్లది, బొటనవేలి దగ్గర అరిగింది. అప్పట్నుంచి నేను తలుపేసుకోలేదు. ఏం చెయ్యమంటారు?

ఇట్లు, మీ రాక కోసం చూస్తూ,
చివరింటి ముసలావిడ.

తా.క.: హోటలు వాళ్లు ఇసుకలో అడ్డంగా తాడు కట్టారు, ఇటు రావద్దని. చూపు ఆనని వాళ్లు తట్టుకుని పడతారేమో.

తా.క. మళ్లీ: వానకి తడుస్తాయని ఆ చెప్పులు లోపల పెట్టాను. ఆ చెప్పుల మనిషి వస్తే కనబడక కంగారు పడతాడని మళ్లీ బయట పెట్టాను. పొద్దుట్నుంచీ ఇదే పని.

*

గౌరవనీయులైన అమ్మగారికి,

మీ ఫిర్యాదు అందింది. బయటివారు మీ సొంత స్థలంలోకి చొరబడి పాదరక్షలు పారవేస్తున్నారనీ, హోటలు వారి హద్దు తాడును లెక్కచేయడం లేదనీ గ్రహించాము. ఆ దారి మూయించమని హోటలు యాజమాన్యం కూడా ఎంతోకాలంగా కోరుతోంది. 'ప్రవేశం నిషిద్ధం' అన్న బోర్డు పంపుతున్నాము.

భవదీయుడు,
విభాగాధికారి.

తా.క.: మిగిలిన జతను కొన్నాళ్లు చూసి పారవేయవచ్చు.

*

అధికారి బాబుకి,
చివరింటి ముసలావిడ దీవించి రాసేది.

అయ్యో, పారెయ్యమంటారేమిటి! ఆ చెప్పులు మా వీధి దర్జీవి. నేను మీకు ఉత్తరం రాసిన మర్నాడు పొద్దున్నే వచ్చాడు. అలలు చూసిన హుషారులో వట్టికాళ్లతో ఇంటికి పోయాడట. ఇక్కడ నా పై ప్రాణాలు పైనే పోతుంటే, "ఇంట్లో గచ్చు చల్లగా తగిలితే గానీ తెలియలేదు పిన్నీ" అని పళ్లికిలిస్తాడు! నాలుగు చీవాట్లు పెట్టి, మంచినీళ్లిచ్చి పంపాను.

బోర్డు వచ్చింది. మూలలు మహా పదునుగా ఉన్నాయి. ఎవరికైనా గీసుకుంటుందేమోనని పాత దుప్పటి చుట్టాను. అక్షరాలు కనబడటం లేదు, ఏమీ అనుకోకండి. మెట్లలో పైనుంచి రెండోది కదులుతోంది. ఇంతమంది ఎక్కి దిగుతుంటే నాకు భయంగా ఉంది. కాస్త చూడండి.

ఇట్లు,
భయంతో, ముసలావిడ.

తా.క.: బోర్డు కింద నీడ బాగా పడుతోంది. అందరూ చెప్పులు అక్కడే పెడుతున్నారు. మీకు చాలా పుణ్యం.

*

గౌరవనీయులైన అమ్మగారికి,

బోర్డును కప్పివేసి, మెట్లను సైతం పాడుచేసి, జనం మిమ్మల్ని భయంలోకి నెట్టారని తెలిసి చింతిస్తున్నాము. మా మనుషులు వచ్చి మీ గేటుకు గొలుసు చుట్టి తాళం వేశారు. ఆ తాళాన్ని ఎవరూ తీయరాదు, పగలగొట్టరాదు. సముద్రపు ఇసుక ఎవరి సొంతమూ కాదు. కానీ అక్కడికి వెళ్లే దారి మీది. మీ దారిని కాపాడటం మా బాధ్యత. ఇక నిశ్చింతగా నిద్రపోండి.

భవదీయుడు,
విభాగాధికారి.

తా.క.: హోటలు యాజమాన్యం ఎంతో సంతోషించి మీకు పూలగుత్తి పంపుతోంది.

*

బాబూ,

పూలగుత్తి వచ్చింది. అది చూసి ఎదురింటావిడ నేనే పోయాననుకుని ఏడుస్తూ పరిగెత్తుకొచ్చింది. తలుపు నేనే తీసేసరికి ఇంకా గట్టిగా ఏడ్చింది.

నిద్రపొమ్మన్నారు. ఎలా పోను? గేటు పక్కన ఇప్పుడు ఒక్క చెప్పు కూడా లేదు. అలాగని జనం మానలేదు. చెప్పులు చేత పట్టుకుని, నాచు పట్టిన రాళ్ల మీదుగా చుట్టూ తిరిగి పోతున్నారు. ఎవరు దిగారో, ఎవరు ఎక్కారో నాకెలా తెలుస్తుంది?

ఇసుక ఎవరి సొంతమూ కాదన్నారు. కాలు పెట్టడానికి దారే లేకపోతే, అది గోడ కట్టుకున్నవాడిదే కదా బాబూ? నాకు నీళ్లంటే చచ్చేంత భయం. ఈ ఇంటికొచ్చాక ఒక్కనాడూ ఆ మెట్లు దిగలేదు. అయినా దిగేవాళ్లకి దారి ఉండాలి. నేను రాసినవి ఫిర్యాదులు కావు. నా భయాలు. ఇంట్లో చెప్పుకోవడానికి ఎవరూ లేక మీకు రాశాను.

తాళం తీయద్దన్నారు. తీయలేదు.

ఇట్లు, ముసలావిడ.

తా.క.: వడ్రంగి వచ్చి, తాళం జోలికి పోకుండా, అటువైపు మడతబందులు ఊడదీశాడు. ఇప్పుడు గేటుకి మీ తాళమే బందు. అటునుంచి చక్కగా తెరుచుకుంటోంది. తుప్పు పడుతుందేమోనని తాళానికి నూనె కూడా రాశాను.

*

అమ్మగారికి,

శనివారం సాయంత్రం నేనే స్వయంగా తనిఖీకి వచ్చాను. తాళం చెక్కుచెదరలేదు, నూనెతో మెరుస్తోంది. గేటు ఎటునుంచి తెరుచుకోవాలో మా ఉత్తర్వులో లేదు. కనుక ఉత్తర్వు సక్రమంగా అమలవుతోందని రాశాను. హోటలు వారి తాడు తీయించాను. 'చూపు ఆనని వాళ్లు తట్టుకుని పడతారేమో' అన్న మీ మాటే కారణంగా చూపించాను.

ఇక మీదట రాసేది ఆఫీసుకు సంబంధం లేనిది.

నేను వచ్చేటప్పుడు వీధిలో ఒకాయన వట్టికాళ్లతో, ఈల వేసుకుంటూ ఎదురొచ్చాడు. మీ ఇంట్లో ఎవరూ లేరు. బోర్డు కింద రెండు జతలున్నాయి. ఒకటి బొటనవేలి దగ్గర అరిగింది. దాని సంగతి నాకు తెలుసు. రెండోది ఆడవాళ్లది, చిన్నది, ఎడమ పట్టీ దారంతో కట్టి ఉంది.

తనిఖీ అయిపోయింది, వెళ్లిపోవచ్చు. కానీ ఆ చిన్న జతను వదిలి వెళ్లలేకపోయాను. మీ రెండో మెట్టు మీద కూర్చున్నాను. నిజంగానే కదులుతోంది. వెలుతురు తగ్గుతోంది. కింద నీళ్ల అంచున ఒక్క మనిషి. అల వస్తే వెనక్కి పరుగు, అల పోతే మళ్లీ ముందుకు. దర్జీని వెతకడానికి దిగిన మనిషి, వెతకడం మర్చిపోయినట్టుంది.

మీరు పైకొచ్చి ఆ చెప్పుల్లో కాళ్లు పెట్టేదాకా గోడ చాటున నిలబడ్డాను. అప్పుడు గానీ నాకు ఊపిరి ఆడలేదు.

ఎడమ పట్టీ మార్పించుకోండి.

ఇట్లు,
మీ ఉత్తరాలు తప్పుగా చదివినవాడు.

తా.క.: పిన్నిగారూ, ఆదివారం బోర్డు కింద నల్లబూట్లు కనబడితే అవి నావి. పొద్దుగుంకేలోపు తీసుకుంటాను. ఒకవేళ మిగిలిపోతే ఆఫీసుకు మాత్రం రాయకండి. బోర్డు పంపిస్తారు.