ముప్పావు కిలో ద్రాక్ష

మంగళవారం, రాత్రి

బడిలో అంతమందికి లెక్కలు చెప్పే నేను, నా కూతురికి ఒక్క లెక్క చెప్పలేకపోయాను. 750 గ్రాముల ద్రాక్ష అరవై రూపాయలైతే రెండు కిలోలు ఎంత? ముందు గ్రాము ధర కనుక్కోమన్నాను. పాయింటు పక్కన సున్నా కనపడగానే సహస్ర కళ్లనీళ్లు పెట్టుకుంది.

యాప్రాల్ నుంచి వచ్చిన మా ఆడపడుచు స్వప్న, చాయ్ తాగుతూ అందుకుంది.

"గింతదానికి పరేషాన్ ఎందుకే బిడ్డా? ముప్పావు కిలో అంటే మూడు పావులు. ఒక్క పావు ఎంత పడ్డది?"

"ఇరవై!"

"రెండు కిలోలల్ల ఎన్ని పావులు?"

"ఎనిమిది. నూట అరవై! అత్తా, రోజూ నువ్వే చెప్పవా?"

నేను చెప్పిందీ అదే లెక్క కదా! స్వప్న మురిసిపోతూ దాని బుగ్గ గిల్లింది.

ఆమె వెళ్లాక కావాలనే ఇంకోటి ఇచ్చాను. 650 గ్రాములు 78 రూపాయలైతే కిలో ఎంత? ఇది పావుల్లో ఇమడదు. ఇక నా దగ్గరికే రావాలి. వంటింట్లో చపాతీలు కాలుస్తున్నానే గానీ చెవులు హాల్లోనే ఉన్నాయి.

"యాభై గ్రాములకు ఆరు రూపాయలు. కిలో నూట ఇరవై! వచ్చేసింది!"

చపాతీ పెనం మీదే వదిలేసి పరుగున వెళ్లాను. సహస్ర అటు తిరిగి, నా ఫోన్‌లోనే, వాళ్లత్తకు చెబుతోంది.