తోచిసావా గేట్లకు ఎర్రరంగు

మియాదాని
నవంబరు చివరి ఆదివారం

ప్రియమైన కన్‌జిరోకు,

మొదటి మంచు పడింది. ముల్లంగి ఊరబెట్టేశాను. వగరు కకి పళ్ళు చెక్కు తీసి చూరుకు వేలాడదీశాను. ఎండి తియ్యగా అయ్యాక నీ వాటా పంపుతాను.

నీకు ఫోను చేస్తే నీ సెక్రటరీ ఎత్తి, "ఛైర్మన్ గారు సమావేశంలో ఉన్నారండి" అంటుంది. మెయిలు పెడితే నీకన్నా ముందు నలుగురు చదువుతారట. డెబ్భై దాటినవాళ్ళకు పోస్టు డబ్బాయే దిక్కు.

అసలు సంగతికి వస్తాను. నిన్న మీ ఆఫీసు నుంచి సుగాయా గారు వచ్చారు. ప్రతి బోర్డు సమావేశానికీ ముందు కాగితాల కట్ట పట్టుకుని డైరెక్టర్ల ఇళ్ళకు తిరిగి అంతా నూరిపోసి వెళ్ళడం ఆయన పని కదా. ఆ తర్వాత సమావేశంలో నువ్వు "అభ్యంతరాలు ఉన్నాయా?" అంటావు. మేమంతా ఒక్క గొంతుతో "అభ్యంతరం లేదు" అంటాం. టీ చల్లారేలోపు అయిపోతుంది. బడి నడిపి రిటైరైనదాన్ని పిలిచి కరెంటు కంపెనీ బోర్డులో కూర్చోబెట్టావు, కంపెనీకి బయటి కన్ను కావాలన్నావు. నేనేమో ఇన్నాళ్ళూ గంగిరెద్దులా తలూపుతూ వచ్చాను.

ఈసారి నాలుగో అంశం చూసి ఆగిపోయాను. తోచిసావా ఆనకట్ట గేట్లు మార్చే పని పదేళ్ళు వాయిదా. సుగాయా గారిని అడిగాను.

"గేట్లు ఎలా ఉన్నాయండీ?"

"క్షుణ్ణంగా పరిశీలించామండి."

"అది సరే, ఎలా ఉన్నాయి?"

అంత చలిలోనూ ఆయన నుదుట చెమట పట్టింది. "తుప్పు పట్టాయండి. మార్చాల్సిందేనని మా ఇంజనీర్లు రాసిచ్చారు."

"మరి వాయిదా ఎందుకు?"

"పైవాళ్ళ నిర్ణయమండి."

ఛైర్మన్‌వి నువ్వు. నీకు పైన ఎవరున్నారు కన్‌జిరో? ఆ ఆనకట్ట కింద మొదటి ఊరు మాదే. నువ్వు పుట్టిందీ ఇక్కడే. కాస్త తీరిక చేసుకుని జవాబు రాయి.

నీ
ఇత్సుయె


షియోమినాతో
డిసెంబరు మొదటి వారం

చిన్ననాటి నేస్తం ఇత్సుయెకు,

నీ ఉత్తరం కోటు జేబులో పెట్టుకుని తిరుగుతున్నాను. ఇక్కడ ఇంకా మంచు లేదు, సముద్రపు గాలి మాత్రం ఎముకలు కొరికేస్తోంది.

నాకు పైన ఎవరున్నారని అడిగావు. మా భవనం చిట్టచివరి అంతస్తులో ఉకితా గారి గది ఉంది. మాజీ ఛైర్మన్, ఇప్పుడు సలహాదారు. ఆయనకు బోర్డులో కుర్చీ లేదు, ఓటూ లేదు. అయినా ఏ పెద్ద కాగితమైనా ముందు ఆ గదికి వెళ్ళొచ్చాకే నా బల్ల మీదకు వస్తుంది. ఇది ఎక్కడా రాసి లేదు. కాబట్టి కొట్టేయడానికీ వీల్లేదు.

తోచిసావా ఆనకట్ట ఆయన వయసులో ఉండగా కట్టించింది. "నా గేట్లు ఇంకో పదేళ్ళు నిలబడతాయి" అన్నారు. ఆయన పట్టిన కుందేలుకు మూడే కాళ్ళు. అందరం తలలు వంచాం, నేను కూడా. నా పెళ్ళికి మధ్యవర్తిగా పెద్దరికం వహించింది ఆయన. నన్ను ఈ కుర్చీలో కూర్చోబెట్టింది ఆయన. పోయినేడు మా ఆవిడ మినెకో పోయినప్పుడు తెల్లవార్లూ నా పక్కన మాట్లాడకుండా కూర్చున్నదీ ఆయనే.

అందుకని ఒక్కటే వేడుకుంటున్నాను. ఈ ప్రశ్న సమావేశంలో అడగవద్దు. దయచేసి వద్దు.

ఇట్లు
కన్‌జిరో


మియాదాని
శుక్రవారం

ఛైర్మన్ గారికి,

అడగవద్దా? పైగా దయచేసి! ఒరేయ్ కన్‌జిరో, నన్ను వద్దని చెప్పి ఆపగలిగినవాడు ఈ లోయలో పుట్టాడా? మా అమ్మ వల్ల కాలేదు, మా ఆయన వల్ల కాలేదు, విద్యాశాఖ వల్ల కాలేదు.

నిన్న పొద్దున చేపలమ్మే యోషినో బండి ఆపింది. కాడ్ చేప తూచి ఇస్తూ ఏమందో తెలుసా?

"టీచరమ్మా, ఈ ఏడు కొండ మీద మంచు ముంచెత్తుతుందంట. మా ఆయన ఊరికే కంగారుపడుతున్నాడు. నేనన్నాను, కరెంటు బోర్డులో మన టీచరమ్మ ఉండగా నీకెందుకయ్యా బెంగ అని."

డబ్బులిచ్చి, చిల్లర తీసుకోకుండానే లోపలికి వచ్చేశాను. ఆ పిల్లకు ఎక్కాలు నేర్పింది నేను. ఇప్పుడు దానికో పసిపాప. వసంతంలో మంచు కరిగి నీళ్ళు ఒక్కసారిగా దిగినప్పుడు ఆ గేట్లు ఎత్తాలి కదా. తుప్పు పట్టి అవి బిగుసుకుపోతే? ఉకితా గారు పై అంతస్తులో ఉంటారు. యోషినో ఇల్లు ఏటి ఒడ్డున ఉంది.

ఆయనకు నువ్వు రుణపడి ఉంటే పండక్కి పుట్టగొడుగుల బుట్ట పంపు, కాళ్ళు పట్టు. మా లోయను ఎదురు కట్నంగా ఇస్తావా?

అడిగి తీరతాను, చూస్తూ ఉండు.

ఇత్సుయె


షియోమినాతో
డిసెంబరు రెండో వారం

ఇత్సుయెకు,

కోప్పడకు. ఇంకొక్కసారి రాస్తున్నాను. అడగవద్దు, ఎట్టి పరిస్థితిలోనూ వద్దు.

నువ్వు అడిగితే అందరి ముందూ నేను నోరు తెరవాలి. తెరిస్తే ఆ సాయంత్రం పై గదికి ఏ మొహంతో వెళ్ళను? ఆ తర్వాత ఈ కుర్చీ ఉండదు.

మినెకో పోయాక ఇంట్లో దీపం వెలిగించేదీ నేనే, ఆర్పేదీ నేనే. అన్నం ఒకరికి సరిపడా వండటం ఇప్పటికీ చేతకావడం లేదు, రోజూ మిగిలిపోతోంది. ఆఫీసు కూడా లేకపోతే పొద్దున లేచి టై ఎవరి కోసం కట్టుకోను?

నా మీద ఏ కాస్త అభిమానం ఉన్నా, అడగకు.

కన్‌జిరో


మియాదాని
సోమవారం, ఎక్స్‌ప్రెస్ పోస్టులో

ప్రియమైన కన్‌జిరోకు,

నీ ఉత్తరం చదివి పొయ్యి దగ్గర అలాగే కూర్చుండిపోయాను. చారు మాడిపోయింది.

మిగిలిపోయే అన్నం సంగతి నాకు తెలుసు. మా ఆయన పోయిన కొత్తలో నేనూ ఆ అన్నాన్ని పిచ్చుకలకు వేసేదాన్ని. మా పెరట్లో పిచ్చుకలు కదల్లేనంత బలిశాయి. నాకు నువ్వెందుకు ముందే చెప్పలేదురా? ఏడాదిగా నవ్వుతూ "బాగానే ఉన్నాను" అంటుంటే నమ్మేశాను. నాది బుద్ధి తక్కువ.

సరే, అడగను. బుధవారం సమావేశంలో అందరితోపాటు "అభ్యంతరం లేదు" అంటాను. కానీ ఒక మాటివ్వు. మంచు కరిగేలోపు జలాశయంలో నీటిమట్టం బాగా తగ్గించి ఉంచు. వసంతం రాగానే నేనే ఉకితా గారి గదికి వెళ్తాను. నీ పేరు ఎత్తను. ముసలిదాన్ని, నన్ను ఆయన ఏం చేస్తారు?

మనసు మింగలేక కక్కలేక ఉంది. రేపు యోషినో బండి వస్తే లోపల దాక్కుంటానేమో. అయినా జీవితంలో మొదటిసారి ఒకరు వద్దన్నారని ఒక పని మానేస్తున్నాను. నువ్వు ఒంటరివాడివి కావడం నేను చూడలేను.

నీ
ఇత్సుయె


మియాదాని
గురువారం

కన్‌జిరో,

నిన్న నీతో ఒక్క మాటైనా మాట్లాడకుండా రైలెక్కేశాను. మాట్లాడితే అందరి ముందూ ఏడ్చేసేదాన్ని, లేదా నీ చెంప పగలగొట్టేదాన్ని.

నేను సిద్ధంగా కూర్చున్నాను. నాలుగో అంశం వచ్చింది. "అభ్యంతరాలు ఉన్నాయా?" అన్నావు. మేము నోరు తెరిచేలోపే "ఉంది" అని ఒక గొంతు వినబడింది. ఎవరా అని అటూ ఇటూ చూశాం. చూస్తే అది నీ గొంతే!

కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టావు. "నాకు అభ్యంతరం ఉంది. గేట్లు మార్చాలని ఇంజనీర్లు రాసిచ్చారు. నేను చదివాను, మీకూ తెలుసు. తెలిసి కూడా అభ్యంతరం లేదని పాడుతుంటే, ఇక మనం ఇక్కడ దేనికి కాపలా కూర్చున్నట్టు?" అన్నావు.

కంపెనీ నడిపే ప్రెసిడెంటు గారు కళ్ళెత్తి పైకప్పు వైపు చూశారు, పై గదిలోంచి ఏదైనా వినబడుతుందేమోనన్నట్టు. సుగాయా గారి చేతిలో కాగితాలు జారి నేలంతా పరుచుకున్నాయి. ఏరడానికి ఒక్కరూ వంగలేదు.

నిన్ను అలా ఒంటరిగా చూడలేకపోయాను. "నాకూ ఉంది" అన్నాను. గొంతు మరీ పెద్దదైంది, బడి ఆవరణలో అరిచినట్టు. కాసేపటికి ఆ ముసలి బ్యాంకాయన దగ్గి, "నిజానికి నాకు మొదటినుంచీ ఉందండి" అన్నాడు. మొదటినుంచీ ఉంటే ఇన్నాళ్ళూ ఏ జేబులో దాచుకున్నాడట! తర్వాత చూస్తే అందరి జేబుల్లోనూ ఉంది. వాయిదా కొట్టేసి, వచ్చే వేసవిలోనే గేట్లు మార్చాలనీ, అంతవరకూ జలాశయం నింపవద్దనీ రాసుకున్నాం.

ఇప్పుడు చెప్పు. అడగొద్దని అన్నేసిసార్లు నన్ను బతిమాలిందెవరు? నీ కుర్చీ, నీ టై, నీ పెద్దాయన, అన్నీ ఏమయ్యాయి? నీ కోసం నా ఊరి ముందు దొంగలా దాక్కుందామనుకున్నానే! ఇందులో ఏదో మతలబు ఉంది. నిజం చెప్పకపోతే ఈ ఏడు కకి పళ్ళు పిచ్చుకలకే.

ఇత్సుయె


షియోమినాతో
ఏడాది చివరి వారం

ప్రియమైన, మిక్కిలి ప్రియమైన ఇత్సుయెకు,

నిజమే చెబుతున్నాను.

మూడో తరగతిలో మీ పెరట్లో కకి చెట్టు కింద నేను "అది తినకు, వగరు" అన్నాను. నువ్వు కోసుకుని, నోరంతా పిడచకట్టుకుపోతున్నా గింజల దాకా తిని, "తియ్యగా ఉంది" అన్నావు. నిన్ను బోర్డులోకి పిలిచింది ఆ పండును తలచుకునే. నేను మొహమాటస్థుణ్ణి. ఉకితా గారికి ఎదురు చెప్పడం నా ఒంట్లో లేదు. నా బదులు చెప్పగల మనిషివి నువ్వొక్కదానివే. కానీ "అడుగు" అని నేనే నేర్పితే అది నీ ప్రశ్న కాదు, నా ప్రశ్న అవుతుంది. అందుకే సుగాయాను ఆ నాలుగో అంశం కాగితం అన్నిటికన్నా పైన పెట్టి తీసుకెళ్ళమన్నాను. అందుకే నీకు వద్దు, వద్దు అని రాశాను. వద్దంటే నువ్వు అడిగి తీరతావని నా ధీమా.

మన ప్రాంతంలో నోటితో ఒకటి అంటాం, మనసులో ఇంకొకటి ఉంటుంది. అవతలివాళ్ళే తెలుసుకోవాలి. నువ్వూ తెలుసుకుంటావనుకున్నాను. "అడిగి తీరతాను" అన్న ఉత్తరం చూసి హాయిగా నిద్రపోయాను. ఇంకాస్త గట్టిగా వద్దంటే ఇంకాస్త గట్టిగా అడుగుతావని మళ్ళీ రాశాను.

రాస్తుంటే, అనుకోకుండా ఆ మిగిలిన అన్నం మాట వచ్చేసింది. అది ఎత్తుగడ కాదు ఇత్సుయె. అన్ని ఉత్తరాల్లోనూ నిజం అదొక్కటే. నువ్వు సరిగ్గా దాన్నే పట్టుకున్నావు.

మంగళవారం నీ ఎక్స్‌ప్రెస్ ఉత్తరం విప్పాను. "సరే, అడగను." చదివి కుర్చీలో కూలబడ్డాను. నీ మొండితనాన్ని లెక్కలో వేసుకున్నాను గాని, నా మీద నీకున్న ప్రేమను వేసుకోలేదు. నా కోసం నువ్వు నీ ఊరి ముందు తలదించుకోబోతున్నావు. నేనేమో నీ వెనకాల నక్కి కూర్చున్నాను. చచ్చేంత సిగ్గేసింది. ఇక లేచి నిలబడక తప్పలేదు.

సమావేశం కాగానే పై గదికి వెళ్ళాను. ఉకితా గారు కిటికీ వైపు తిరిగి కూర్చుని ఉన్నారు. తల వంచి అంతా చెప్పాను. కిటికీ వైపే చూస్తూ విన్నారు. చివరికి, "కొత్త గేట్లకు ఏ రంగు వేస్తారు?" అన్నారు.

"ఇంకా అనుకోలేదండి."

"ఎరుపే వెయ్యండి. మంచులో దూరం నుంచి కనిపిస్తాయి."

బయటికి వచ్చి మెట్ల మీద కూర్చుని ఏడ్చాను. మినెకో పోయినప్పుడు కూడా అంత ఏడవలేదు.

జూన్‌లో కుర్చీ దిగిపోతాను. ఎవరూ పొమ్మనలేదు. కానీ పై గదిలో కాగితాలు తిప్పి తెచ్చే ఆచారం నాతోనే పోవాలి. నాకంటూ ఆ అంతస్తులో గది వద్దని ముందే రాసిచ్చేశాను.

ఇక మీదట నీతో తిన్నగా మాట్లాడతాను. మొదలుపెడుతున్నాను. ఇల్లు ఖాళీగా ఉంది. భయమేస్తోంది. కొత్త సంవత్సరానికి మియాదాని రావాలని ఉంది. రానా?

నీ
కన్‌జిరో


మియాదాని
ఏడాది ఆఖరి రోజుల్లో

ఒరేయ్ కన్‌జిరో,

రావద్దు.

పొద్దుటి రైలుకు అసలే రావద్దు, నేను స్టేషనులో చలికాచుకునే పొయ్యి పక్కన కూర్చుని ఎదురుచూడను. యోషినో దగ్గర పెద్ద కాడ్ చేప చెప్పి పెట్టాను, అది నీ కోసం కాదు. అన్నం ఇద్దరికి వండుతాను, అది నాకు అలవాటు తప్పి. కకి పళ్ళు తియ్యగా ఎండాయి, నీకు ఒక్కటీ ఇవ్వను. వచ్చే ఏడు గేట్లకు ఎర్రరంగు వేసే రోజున ఉకితా గారిని మా ఇంటికి టీకి తీసుకురావద్దు.

ఇవన్నీ వద్దంటున్నాను. నీకు అర్థమవుతుందో లేదో నాకు బెంగగా ఉంది కాబట్టి, తిన్నగా కూడా ఒకసారి రాస్తాను. తొందరగా రా.

నీ
ఇత్సుయె