నూనె పీపాలోంచి పలికిన పాట

అన్నా,

నువ్వు పోయి ఈరోజుకి ఏడాది. చదవవని తెలిసినా, నువ్వుంటే ఎగిరి గంతేసే సంగతి జరిగిందని రాస్తున్నాను.

మా ఆఫీసులో జోసెలిన్ అని, కరీబియన్ దీవి ట్రినిడాడ్ నుంచి వచ్చిన అమ్మాయి చేరింది. నాలాగే ప్రోగ్రామరు. మొన్న ఆదివారం ఇక్కడ సింగపూర్‌లో, జురాంగ్ వెస్ట్‌లోని మా ఫ్లాట్ల కింద ఖాళీ జాగాలో స్టీల్ పాన్ వాయించింది. ఇనుప నూనె పీపా అడుగును సుత్తితో గుంటగా కొట్టి, ఒక్కో చోట ఒక్కో స్వరం పలికేలా చేసిన వాద్యం అది. డప్పు చేతిలో లేకపోతే కొత్త బిందెనైనా కొట్టి చూసేవాడివి, దీన్ని వదిలేవాడివా!

"మా పూర్వీకుల్ని ఆఫ్రికా నుంచి ట్రినిడాడ్‌కి బానిసలుగా తెచ్చారు. దొరలు వాళ్ల డప్పుల్ని నిషేధిస్తే వెదురు బొంగులు నేలకేసి కొట్టారు. అవీ వద్దంటే బిస్కెట్ డబ్బాలు, నూనె పీపాలు అందుకున్నారు" అంది జోసెలిన్.

ఎంత మొండి మనుషులన్నా! పారేసిన ఇనుములోంచి అంత తీయని పాట తీశారు.

ఇంతలో పై అంతస్తు చైనీస్ అంకుల్ దిగొచ్చాడు. గొడవపడతాడనుకున్నాను. "ఇంకొకటి వాయించు లా!" అని, ఇక్కడివాళ్లు మాట చివర తగిలించే ఆ 'లా'తో సహా అడిగి, అక్కడే కూర్చున్నాడు.

జోసెలిన్ పుల్లలు నా చేతికిచ్చింది. నాకు వచ్చిందల్లా బోనాల్లో నువ్వు వేసే దెబ్బ ఒక్కటే. అదే వేశాను. స్వరాలు తప్పాయి గానీ తాళం తప్పలేదు. ఆమె పక్కనే చిందేసింది.

"ఎవరు నేర్పారు?" అని అడిగింది.

"మా అన్న."

"ఈసారి ఆయన్ని కూడా తీసుకురా."

సరేనన్నాను.

నీ తమ్ముడు