దొర చిట్టీలో తీపి క్యారెట్లు

సికింద్రాబాదు,
20 అక్టోబరు 1948

ప్రియమైన జ్ఞానమణికి యేసురాజు వందనాలు. ప్రభువు దయవల్ల ఇక్కడ నేనూ, నీ కోళ్ళు నాలుగూ బాగున్నాం. అక్కడ బాపట్లలో నువ్వూ అత్తయ్యగారూ బాగున్నారని తలుస్తాను.

గొడవలు తగ్గాయా అని అడిగావు. పోలీసు చర్య అయ్యాక రజాకార్ల జాడ లేదు. రైళ్ళు తిరుగుతున్నాయి, సీతాఫల్‌మండిలో కూరగాయలూ దొరుకుతున్నాయి. పని దొరికిందా అని కూడా అడిగావు. అక్కడే వచ్చింది తంటా.

నేరేడ్‌మెట్‌లో కొత్తగా దిగిన మేజరుగారికి వంటవాడు కావాలంటే, మన పాత దొర సీమకు వెళ్తూ నా వంట గురించి రాసిచ్చిన చిట్టీ పట్టుకెళ్ళాను. అందులో నా మటన్ రోస్టును మెచ్చుకున్నాడని ఇన్నాళ్ళూ ఛాతీ విరుచుకు తిరిగాను కదా. మేజరుగారు ఆ ఇంగ్లీషు చదివి చెబితే తెలిసింది, మటన్ ఊసే లేదు. రోస్టు పక్కన పెట్టే తీపి క్యారెట్ల గురించే అంతా. వచ్చే నెల మొదటి ఆదివారం విందుకు అవే చేయమన్నారు. కుదిరితే నౌకరీ, మనకు ఉండటానికో గది. లేకపోతే వేరేవాణ్ణి చూసుకుంటారట.

ముందుగా చేసి చూద్దామని మేజరుగారి వంటింట్లో మొదలెట్టాను. మొదటిసారి చక్కెర మాడిపోయి, గిన్నె తోమలేక నా చేతులు పడిపోయాయి. రెండోసారి బెల్లం వేస్తే అంతా ముద్దయింది. అక్కడి తోటమాలి భద్రయ్య రుచి చూసి, "ఏందే యేసురాజు, గిది కూరనా, హల్వానా? జెర చెప్పి పెట్టు" అన్నాడు.

ఇక దాచను, మణీ. ఈ పేరా అత్తయ్యగారికి చదివి వినిపించకు. దొర దగ్గరున్న ఐదేళ్ళూ పెరటి పొయ్యి దగ్గర ఆ క్యారెట్లు వెన్నలో, చక్కెరలో నిగనిగలాడేదాకా వేయించింది నువ్వు. నేనే చేశానని దొరకు సలాము కొట్టింది నేను. ఆయన సగం వదిలేస్తాడని నీతో చెప్పేవాణ్ణి. అబద్ధం. ఆ పళ్ళెం రోజూ తుడిచినట్టు తిరిగొచ్చేది. చిన్నబుచ్చుకున్న నీ ముఖం గుర్తొస్తే ఇప్పుడు సిగ్గుగా ఉంది.

నిన్న ఇదంతా మేజరుగారితో చెప్పేశాను. వెళ్ళగొడతారనుకున్నాను. ఆయన కాసేపు నవ్వి, చిట్టీలో నా పేరు కొట్టేసి, నీ పేరు అడిగి పైన రాశారు. నౌకరీ నీకేనట. ఉత్తరం అందగానే రైలెక్కు. నాకూ పని ఇచ్చారు, క్యారెట్లు గీకడం. నిన్నటినుంచే షురూ చేశాను.

ఇట్లు,
నీ భర్త, ఇకనుంచి నీ చేతికింద మనిషి,
యేసురాజు